గురువు బాణీ, శిష్యుల చేతులు

1996లో పాంజియా అనే రికార్డు సంస్థ ‘ట్వాంగ్!’ పేరుతో ఒక నివాళి ఆల్బమ్‌ను వెలువరించింది. ఒక కళాకారుడో ఒక బృందమో ప్రసిద్ధం చేసిన బాణీలను తరువాతి తరాల కళాకారులు తలా ఒకటి ఎంచుకొని, తమ పద్ధతిలో మళ్లీ పాడి లేదా వాయించి, ఒకచోట చేర్చి సమర్పించే సంకలనాన్ని నివాళి ఆల్బమ్ అంటారు. దాని వెనుక అభిమానమూ ఉంటుంది, వ్యాపారమూ ఉంటుంది. ఏది ఎంత పాలన్నది ఆల్బమ్‌ను బట్టి మారుతుంది. ‘ట్వాంగ్!’ గౌరవించినది బ్రిటిష్ గిటారిస్టు హాంక్ మార్విన్‌ను, ఆయన లీడ్ గిటార్ వాయించిన షాడోస్ బృందాన్ని. గాత్రం లేకుండా కేవలం వాద్యాలతో సాగే రాక్ సంగీతానికి బ్రిటన్‌లో నిలకడైన రూపాన్నీ అశేషమైన శ్రోతలనూ సంపాదించిపెట్టినవారు వీరే. సన్మానితుడు అప్పటికి జీవించే ఉన్నారు, వాయిస్తూనే ఉన్నారు. ఆ ఏడాది అక్టోబరుతో ఆయనకు 55 ఏళ్లు నిండాయి.

పాటల రచయితకు నివాళి అర్పించడం స్వభావరీత్యా సులభమైన పని, ఎందుకంటే రచన రచయిత నుంచి విడివడి ఉంటుంది. దానిని ఎవరి గొంతులో పెట్టినా అది ఆ రచనగానే నిలుస్తుంది. మార్విన్ విషయంలో అలా కాదు. ఆయన వాయించిన గొప్ప బాణీలలో అనేకం వేరొకరు కట్టినవి, ఆయన పాడి ప్రసిద్ధి పొందినవాడు కాడు, వేదిక మీద గంటల తరబడి కల్పన చేసి శ్రోతలను అబ్బురపరచినవాడూ కాడు. ఆయన ఇచ్చింది ఒక నాదం. ఏ స్వరాన్ని ఎంత గట్టిగా మీటాలి, ఎంతసేపు నిలపాలి, ఎక్కడ కొద్దిగా వంచి వదలాలి అన్న వివేకం ఆ నాదంలో భాగం. చేతిని వదిలి నాదం ఉండదు కాబట్టి, వేరొకరి చేతితో ఆ నాదానికి నివాళి ఎలా సాధ్యమన్న ప్రశ్నను ఈ ఆల్బమ్ తనకు తెలియకుండానే ముందుకు తెస్తుంది. దీనిని ఆలోచించదగిన ఆల్బమ్‌గా చేసేది ఆ ప్రశ్నే.

పాల్గొన్నవారి జాబితా చూస్తే చిక్కు మరింత స్పష్టమవుతుంది. డీప్ పర్పుల్ గిటారిస్టు రిచీ బ్లాక్‌మోర్, క్వీన్ బృందపు బ్రయన్ మే, బ్లాక్ సబ్బాత్‌కు చెందిన టోనీ అయోమీ, ఫ్లీట్‌వుడ్ మాక్ వ్యవస్థాపకుడు పీటర్ గ్రీన్, డైర్ స్ట్రెయిట్స్ సారథి మార్క్ నాఫ్లర్, పోలీస్ బృందపు యాండీ సమర్స్, పీటర్ ఫ్రాంప్టన్, కెనడా నుంచి నీల్ యంగ్, రాండీ బాక్‌మన్, ఆస్ట్రేలియాలో పెరిగిన కీత్ అర్బన్, అమెరికన్ బాంజో విద్వాంసుడు బేలా ఫ్లెక్ వంటివారు ఇందులో ఉన్నారు. వీరిలో చాలామంది వాదనంలో రెండు మూడు స్వరాలు వినగానే ఎవరిదో చెప్పగలిగినంత సొంతదనం ఉన్నది. హెవీ మెటల్‌కు, అంటే బరువైన, కరకు ధ్వనితో సాగే రాక్ శాఖకు ఆద్యుడనిపించుకున్నవారు ఒకరు, బ్లూస్‌లో తలపండినవారు ఒకరు. ఒకరి బాట మరొకరిది కాని ఇంతమంది ఒకే వ్యక్తి ముందు తల వంచడం రాక్ సంగీత చరిత్రలో తరచుగా కనిపించే దృశ్యం కాదు.

హాంక్ మార్విన్ అసలు పేరు బ్రయన్ రాబ్సన్ రాంకిన్. 1941లో ఇంగ్లండ్ ఈశాన్య తీరాన, బొగ్గుగనులకూ ఓడల నిర్మాణానికీ పేరుపొందిన న్యూకాజిల్ నగరంలో ఆయన జన్మించారు. అక్కడి రూథర్‌ఫర్డ్ గ్రామర్ స్కూలులో సహవిద్యార్థి అయిన బ్రూస్ వెల్ష్‌తో కలిసి మొదట స్కిఫిల్ వాయించారు. అమెరికన్ జానపద, బ్లూస్ పాటలను చవక గిటార్లతో, ఇంటి సామాన్లనే వాద్యాలుగా మలచుకొని పాడే పద్ధతిని స్కిఫిల్ అంటారు. 1950ల నడుమ బ్రిటన్ కుర్రకారును గిటార్ వైపు మళ్లించింది అదే. 1958లో పదహారేళ్ల ప్రాయంలో ఈ ఇద్దరూ లండన్ చేరి, సోహో ప్రాంతంలోని టూ ఐస్ అనే కాఫీ బార్‌లో అవకాశాల కోసం ఎదురుచూస్తుండగా, అప్పుడప్పుడే పేరు తెచ్చుకుంటున్న గాయకుడు క్లిఫ్ రిచర్డ్‌కు వెనుక వాయించే పిలుపు వచ్చింది. క్లిఫ్ రిచర్డ్ 1940లో లక్నోలో పుట్టి, భారతదేశానికి స్వాతంత్ర్యం వచ్చిన మరుసటి ఏడాది కుటుంబంతో ఇంగ్లండ్ వెళ్లినవారు. ఆయన వెనుక వాయించే బృందం పేరు మొదట డ్రిఫ్టర్స్. అమెరికాలో అదే పేరుతో ఒక గాయక బృందం ఉండటంతో 1959లో బేస్ గిటారిస్టు జెట్ హారిస్ సూచన మేరకు అది షాడోస్‌గా మారింది. మార్విన్ లీడ్ గిటార్, వెల్ష్ రిథమ్ గిటార్, హారిస్ బేస్ గిటార్, టోనీ మీహన్ డ్రమ్స్. లీడ్ గిటార్ బాణీని మోస్తుంది, రిథమ్ గిటార్ స్వరసమూహాలను లయబద్ధంగా మోగిస్తూ దానికి ఆధారమవుతుంది, బేస్ గిటార్ మంద్రస్థాయిలో అడుగు కడుతుంది. తరువాతి అర్ధశతాబ్దంలో ప్రపంచమంతటా లెక్కలేనన్ని రాక్ బృందాలు ఈ అమరికనే తమదిగా చేసుకున్నాయి.

మార్విన్ నాదం పుట్టుకలో ఒక పొరపాటుకు కూడా పాత్ర ఉన్నది. యుద్ధానంతర ఆర్థిక ఆంక్షల కారణంగా 1950లలో బ్రిటన్‌లోకి అమెరికన్ వాద్యాల దిగుమతి చాలావరకు నిలిచిపోయింది. అమెరికన్ గాయకుడు రికీ నెల్సన్ రికార్డులలో జేమ్స్ బర్టన్ వాయించిన గిటార్‌కు ముగ్ధులైన క్లిఫ్, మార్విన్‌లు ఫెండర్ కంపెనీ జాబితా తెప్పించుకొని, అంత గొప్పగా వాయించేవాడు అన్నిటికన్నా ఖరీదైన నమూనానే వాడుతుంటాడని ఊహించి, స్ట్రాటోకాస్టర్‌ను ఎంచుకున్నారు. నిజానికి బర్టన్ వాయించేది అదే కంపెనీకి చెందిన సాదా నమూనా టెలికాస్టర్. క్లిఫ్ డబ్బు పెట్టి తెప్పించిన ఆ ఎర్రని స్ట్రాటోకాస్టర్ 1959లో మార్విన్ చేతికి వచ్చింది. బ్రిటన్‌లో అడుగుపెట్టిన తొలి స్ట్రాటోకాస్టర్ అదేనని అనేకుల నమ్మకం. ఊహ సరిగా ఉండి టెలికాస్టరే వచ్చి ఉంటే మార్విన్ శైలి ఈ రూపంలో ఉండేది కాదు, ఎందుకంటే ఆ శైలికి ప్రాణమైన ట్రెమోలో ఆర్మ్ టెలికాస్టర్‌కు ఉండదు.

ట్రెమోలో ఆర్మ్ అంటే గిటార్ తీగలు దిగువన ఆనుకొని ఉండే వంతెనకు బిగించిన ఒక చిన్న లోహపు కడ్డీ. దానిని కొద్దిగా నొక్కితే తీగల బిగువు సడలి స్వరం కిందికి జారుతుంది, వదిలితే యథాస్థానానికి వస్తుంది. వీణలో తీగను మెట్టు మీద పక్కకు లాగి స్వరాన్ని పైకి తీసుకుపోవడం వాదకుని ఎడమచేతి పని. ఇక్కడ మీటే చేతి కిందనే ఉన్న కడ్డీ ఆ పనిని వ్యతిరేక దిశలో చేస్తుంది. మార్విన్ ఈ కడ్డీని అరచేతిలో పట్టుకొనే వాయిస్తూ, దీర్ఘస్వరాల చివర సన్నని కంపనాన్ని జోడించేవారు. స్వరం పుట్టినప్పుడు నిశ్చలంగా ఉండి, అంతరించబోయే ముందు కదులుతుంది. గాయకులు దీర్ఘాక్షరాన్ని ముగించే తీరుకు ఇది చాలా దగ్గర. తరువాతి కాలంలో ఇదే కడ్డీతో స్వరాలను పాతాళానికి దించి మళ్లీ ఆకాశానికి ఎగరేసిన గిటారిస్టులు ఎందరో వచ్చారు గానీ, దానిని ఇంత పొదుపుగా, ఇంత మృదువుగా వాడినవారు అరుదు.

రెండో సాధనం ఇటలీలో తయారైన మీయాట్సీ ఎకో యంత్రం. గిటార్ నుంచి వచ్చే ధ్వనిని అయస్కాంత పద్ధతిలో నమోదు చేసుకొని, లిప్తపాటు వ్యవధిలో పలుమార్లు తిరిగి వినిపించే పరికరమిది. జో బ్రౌన్ అనే గిటారిస్టు తనకు నచ్చక దానిని మార్విన్‌కు ఇచ్చివేశారు. ఒక్కో స్వరం వెనుక దాని నీడలు పరచుకోవడంతో, నలుగురు మాత్రమే ఉన్న బృందపు శబ్దానికి విశాలమైన మైదానంలో మోగుతున్నంత లోతు వచ్చింది. మూడోది వాక్స్ సంస్థ యాంప్లిఫయర్, అంటే గిటార్ పికప్ గ్రహించిన బలహీనమైన విద్యుత్ సంకేతాన్ని పెంచి స్పీకర్‌కు అందించే పరికరం. 15 వాట్ల నమూనా పెద్ద హాళ్లలో కేకలు వేసే అభిమానుల నడుమ చాలకపోవడంతో 30 వాట్ల ఏసీ30 వాడుకలోకి వచ్చింది. బీటిల్స్ మొదలుకొని క్వీన్ దాకా బ్రిటిష్ రాక్ ధ్వనిలో వినిపించే మెరుపుకు మూలం ఈ యంత్రమే. పరికరాల గురించి ఇంత చెప్పడం అవసరమే, ఎందుకంటే ప్రపంచవ్యాప్తంగా ఇవే పరికరాలను సేకరించి ఆ నాదాన్ని తిరిగి పుట్టించాలని ఏళ్ల తరబడి శ్రమించినవారు వేలల్లో ఉన్నారు. అన్నీ సమకూరాక కూడా ఏదో తక్కువైందని వారిలో చాలామందికి తెలిసివచ్చింది. ఆ తక్కువైనది మీటే చేతి నిగ్రహం.

1960 జూన్ 17న లండన్‌లోని అబే రోడ్ స్టూడియోలో రికార్డయిన ‘అపాచీ’ ఈ నాదాన్ని లోకానికి చాటింది. పాటల రచయిత జెరీ లోర్డన్ 1954 నాటి ఒక హాలీవుడ్ సినిమా స్ఫూర్తితో ఈ బాణీ కట్టారు. బర్ట్ వీడన్ అనే గిటారిస్టు దానిని అంతకుముందే రికార్డు చేశారు. ఆ రూపం నచ్చని లోర్డన్, ఒక సంగీత యాత్రలో బస్సులో తన ఉకులేలే మీద, అంటే నాలుగు తీగల చిన్న గిటార్ వంటి వాద్యం మీద, షాడోస్‌కు ఆ బాణీ వినిపించారు. నిర్మాత నోరీ పారమోర్‌కు ఈ రికార్డు మీద మొదట గురి లేదు. రెండో వైపు ఉన్న బాణీనే ముందు నిలపాలనుకొని, తన కుమార్తె అభిరుచిని బట్టి మనసు మార్చుకున్నారు. ఆరంభంలోనూ ముగింపులోనూ వినిపించే చర్మవాద్యాన్ని వాయించింది క్లిఫ్ రిచర్డే. ఆ వేసవిలో బ్రిటిష్ రికార్డు అమ్మకాల జాబితాలో మొదటి స్థానంలో ఉన్న క్లిఫ్ పాటను తోసిరాజని ‘అపాచీ’ ఆ స్థానానికి చేరి ఐదు వారాలు అక్కడే ఉన్నది. 1962లో తంత్రీవాద్యాలనూ ఫ్రెంచ్ హార్న్ అనే ఇత్తడి కొమ్మువాద్యాన్నీ జోడించి పారమోర్ తీర్చిదిద్దిన ‘వండర్‌ఫుల్ లాండ్’ ఎనిమిది వారాలు శిఖరాన నిలిచింది. ‘కాన్-టికీ’, ‘డాన్స్ ఆన్!’, ‘ఫుట్ టాపర్’ కూడా మొదటి స్థానం అందుకున్నాయి. 1963 నుంచి బీటిల్స్ ప్రభంజనంలో పాడే బృందాల కాలం వచ్చి, గాత్రం లేని బాణీల ఏలుబడి సన్నగిల్లింది.

మాటల్లేని ఈ సంగీతానికి అంత జనాదరణ ఎలా వచ్చిందన్నది విడిగా ఆలోచించదగినది. కర్ణాటక సంగీతం తెలిసినవారికి వాద్యం మీద పాట కొత్త కాదు. వీణ మీదనో వేణువు మీదనో కృతి వాయిస్తున్నప్పుడు వాదకుని మనసులో సాహిత్యం నడుస్తూనే ఉంటుంది, మీటు పడే చోటును సైతం అక్షరమే నిర్ణయిస్తుంది, తెలిసిన శ్రోత ఆ మాటలను లోలోపల నింపుకుంటాడు. అక్కడ వాద్యం పలికించేది అప్పటికే ఉన్న పాటను. ‘అపాచీ’కి గానీ షాడోస్ మరో బాణీ ‘అట్లాంటిస్’కు గానీ వెనుక దాగి ఉన్న సాహిత్యం లేదు, ఉన్నదల్లా ఒక శీర్షిక మాత్రమే. అయినా ఆ బాణీలు పాటల వలెనే నడుస్తాయి: పల్లవి వంటి భాగం, దానికి బదులు చెప్పే మరో భాగం, తిరిగి మొదటిది, ఊపిరి తీసుకోవడానికి విడిచిన చోట్లు. మూడు నిమిషాలలోపే ముగిసిపోతాయి. వాటిలో అప్పటికప్పుడు అల్లే కల్పన లేదు. ప్రతి స్వరం ముందే నిర్ణయమై, ప్రతిసారీ అదే చోట పడుతుంది. ఊరేదైనా, గిటార్ పట్టిన పిల్లవాడెవరైనా, పాట నేర్చుకున్నట్టే దానిని నేర్చుకోగలగడానికి కారణం ఇదే.

ఆ పిల్లలే ‘ట్వాంగ్!’ వాదకులు. వేదం నేర్పే సంత పద్ధతిలో గురువు ఒకసారి పలికినదానిని శిష్యుడు రెండుసార్లు పలికి నిలుపుకున్నట్టు, వీరి తరం గ్రామఫోను సూదిని వెనక్కి వెనక్కి జరుపుతూ, ఒక్కో చరణాన్ని రికార్డు అరిగిపోయేదాకా విని వల్లె వేసింది. స్వరలిపి ప్రమేయం లేదు, గురువు ఎదుట లేడు, తప్పు దిద్దేవారూ లేరు. రికార్డే గురువు, చెవే పరీక్షాధికారి. న్యూకాజిల్ పరిసరాల్లోనే పెరిగిన మార్క్ నాఫ్లర్‌కు మార్విన్ చేతిలోని ఎర్రని స్ట్రాటోకాస్టర్ కావాలని ఉండేది. అది అందని ధర కాబట్టి అదే రంగులో చూపుకు దగ్గరగా ఉన్న ఒక జర్మన్ గిటార్‌తో తృప్తిపడ్డారు. బ్రయన్ మే 1963లో తండ్రితో కలిసి పాత నిప్పుగూటి చెక్కతో తన గిటార్‌ను తానే తయారుచేసుకోవడం మొదలుపెట్టారు, జీవితమంతా దానినే వాయించారు. కెనడాలోని విన్నిపెగ్‌లో రాండీ బాక్‌మన్ ఎకో యంత్రం దొరకక ఒక టేప్ రికార్డర్‌నే అందుకు మలచుకున్నారు. ఆయన వాదనం విని అబ్బురపడిన నీల్ యంగ్ తన తొలి బృందం స్క్వయర్స్‌తో 1963లో వెలువరించిన మొదటి రికార్డు రెండు వైపులా గాత్రం లేని బాణీలే. జార్జ్ హారిసన్, జాన్ లెనన్ కలిసి కట్టిన ఒక వాద్యబాణీని 1961లో హాంబుర్గ్‌లో బీటిల్స్ రికార్డు చేయగా దాని పేరులోనే షాడోస్ ప్రస్తావన ఉన్నది.

ఈ జాబితాలో టోనీ అయోమీ ఉదాహరణ అన్నిటికన్నా లోతైనది. బర్మింగ్‌హామ్‌లోని ఒక లోహపు రేకుల కర్మాగారంలో పదిహేడేళ్ల వయసులో యంత్రం కింద పడి ఆయన కుడిచేతి రెండు వేళ్ల కొసలు తెగిపోయాయి. ఎడమచేతి వాటం వాదకుడు కాబట్టి తీగలను అదిమేది ఆ చేతే. కరిగించిన ప్లాస్టిక్‌తో వేలితొడుగులు చేసుకొని, బిగువు తక్కువ గల తీగలు వాడి, శ్రుతిని దించి వాయించడంలో నుంచి బ్లాక్ సబ్బాత్ ముద్రగా మారిన బరువైన, చీకటి ధ్వని రూపుదిద్దుకున్నది. అటువంటివారు ‘ట్వాంగ్!’ కోసం ఎంచుకున్నది ‘వండర్‌ఫుల్ లాండ్’, అంటే షాడోస్ బాణీలలోకెల్లా వెలుగు నిండినది. విమర్శకులు హెవీ మెటల్‌ను కోపానికీ భయానికీ భాషగా వర్ణించడం పరిపాటి. ఆ భాషను సృష్టించినవారి బాల్యంలో ఒక నిర్మలమైన, దీర్ఘమైన, పాటవంటి గిటార్ స్వరం ఉన్నదన్న సంగతి అటువంటి వర్ణనలలో కానరాదు. ప్రభావం అన్నది పోలికలో కన్నా దూరంలో ఎక్కువ తెలుస్తుంది. గురువును పోలి వాయించేవాడు ఏం నేర్చుకున్నాడో అందరికీ కనిపిస్తుంది. గురువు నుంచి అంత దూరం నడిచి వెళ్లినవాడు దేనిని విడిచిపెట్టాడో, దేనిని పట్టుకొని వెళ్లాడో తెలియాలంటే మాత్రం అతడు ఒకసారి వెనక్కి వచ్చి ఆ మొదటి పాఠాన్ని వాయించి చూపాలి. నివాళి ఆల్బమ్ అనే ప్రక్రియకు నిజమైన సార్థకత ఏదైనా ఉంటే అది ఇదే.

పీటర్ గ్రీన్ విషయంలో ఆ తిరిగిరావడానికి మరో అర్థం కూడా ఉన్నది. 1970లో ఫ్లీట్‌వుడ్ మాక్‌ను విడిచి, మానసిక అనారోగ్యంతో దీర్ఘకాలం సంగీతానికి దూరమై, 1990ల నడుమ మిత్రుల అండతో స్ప్లింటర్ గ్రూప్ అనే బృందంతో మళ్లీ వాయించడం ఆరంభించిన కాలంలో ఆయన ఈ ఆల్బమ్‌కు ‘మిడ్‌నైట్’ వాయించారు. అది 1961 నాటి ‘ఎఫ్.బి.ఐ.’ రికార్డుకు రెండో వైపున ఉన్న నెమ్మదైన బాణీ. గ్రీన్ స్వయంగా కట్టిన 1968 నాటి ‘ఆల్బట్రాస్’ కూడా గాత్రం లేనిదే, బ్రిటన్‌లో మొదటి స్థానానికి చేరినదే. స్వరానికీ స్వరానికీ నడుమ విడిచిన ఖాళీ బరువుతోనే అది శ్రోతను ఆపుతుంది. ఆ ఖాళీని విడవడం ఆయన ఎక్కడ నేర్చారన్న ప్రశ్నకు బ్లూస్ గురువుల పేర్లు చెప్పడం ఆనవాయితీ. ఆ పేర్ల సరసన ‘మిడ్‌నైట్’ను కూడా చేర్చడం న్యాయం.

అయితే ఈ ఆల్బమ్ నిర్మాణంలోనే ఒక లోటు ఉన్నది, దానిని దాటవేయడం నివాళికి గౌరవం కాదు. ఆల్బమ్ పూర్తి పేరులో హాంక్ మార్విన్ ముందు, షాడోస్ తరువాత. ఒక్కో బాణీ ఒక్కో గిటారిస్టు చేతిలో. ఈ పద్ధతి సహజంగానే ఏకవ్యక్తి వాదనాన్ని ముందుకు తెచ్చి బృందాన్ని నేపథ్యానికి నెడుతుంది. కానీ మార్విన్ అంత నిదానంగా, అంత తక్కువ స్వరాలతో వాయించగలగడానికి కారణం ఆయన వెనుక మిగతా పని అంతా జరిగిపోతూ ఉండటమే. శ్రుతి విషయంలో రాజీ లేని బ్రూస్ వెల్ష్ రిథమ్ గిటార్ మీద వాయించే తీరులో యంత్రంలాంటి నిలకడ, మనిషి చేతికే సాధ్యమైన ఊపు కలిసి ఉంటాయి. ‘అపాచీ’లో మార్విన్ స్వరాల కింద పరుగెత్తేది వెల్ష్ అకౌస్టిక్ గిటారే. బేస్ గిటార్ బ్రిటన్‌కు ఇంకా కొత్త వాద్యంగా ఉన్న రోజుల్లో జెట్ హారిస్ దానికి గంభీరమైన వ్యక్తిత్వాన్ని ఇచ్చారు. మీహన్, 1961 నుంచి ఆయన స్థానంలో వచ్చిన బ్రయన్ బెనెట్ డ్రమ్స్‌ను మోతగా గాక బాణీలో భాగంగా వాయించారు. వేదిక మీద గిటారిస్టులు ఒకే లయలో వేసే అడుగులు సైతం, ఎవరూ ఒంటరిగా మెరవని ఆ బృందనీతికి బాహ్యరూపమే. దీర్ఘమైన ఒంటరి వాదనాలతో పేరు తెచ్చుకున్న తరం అటువంటి బృందానికి నివాళి అర్పించాలంటే తాను అలవరచుకున్న సగం విద్యను పక్కన పెట్టాలి. వేగం, స్వరాల సాంద్రత, కల్పన వీటిలో ఏది చేర్చినా బాణీ మీద భారం పడుతుంది. ఏదీ చేర్చకపోతే నకలు మిగులుతుంది. ఈ ఇరకాటంలో తనను తాను తగ్గించుకున్న వాదకుడే గురువుకు దగ్గరగా రాగలడు.

మరొక వ్యక్తి ఈ ఆల్బమ్‌లో పేరు పెట్టని సన్మానితుడు. బ్లాక్‌మోర్ వాయించిన ‘అపాచీ’, అయోమీ వాయించిన ‘వండర్‌ఫుల్ లాండ్’, నాఫ్లర్ వాయించిన ‘అట్లాంటిస్’ మూడూ జెరీ లోర్డన్ కట్టినవే. ఆయన 1995లో, అంటే ఆల్బమ్ రావడానికి ఏడాది ముందు కన్నుమూశారు. బాణీ కట్టినవాడి కన్నా దానిని మోగించినవాడి పేరే లోకానికి గుర్తుండటం వాద్యసంగీతంలో కొత్త కాదు. కానీ ముగ్గురు మహావాదకులు ఒకే స్వరకర్త వద్దకు చేరడం చూస్తే, మార్విన్ చేతిలోని గానగుణానికి లోర్డన్ బాణీల నిర్మాణం ఎంత అవసరమైందో అర్థమవుతుంది.

‘అపాచీ’ పొందిన నివాళులలో అన్నిటికన్నా విస్తారమైనది మాత్రం ఏ నివాళి ఆల్బమ్‌లోనూ లేదు. అమెరికాలో షాడోస్‌కు ఆదరణ దక్కలేదు. అక్కడ 1961లో ఆ బాణీని రెండో స్థానానికి చేర్చింది డెన్మార్క్ గిటారిస్టు యోర్గెన్ ఇంగ్‌మన్ రూపం. 1973లో ఇంక్రెడిబుల్ బాంగో బాండ్ అనే స్టూడియో బృందం దానిని దీర్ఘమైన తాళవాద్య భాగాలతో మళ్లీ రికార్డు చేసింది. న్యూయార్క్‌లోని బ్రాంక్స్ వీధి వేడుకలలో కూల్ హెర్క్ వంటి డీజేలు ఒకే రికార్డు ప్రతులు రెండింటిని పక్కపక్కన పెట్టి ఆ తాళభాగాన్నే మళ్లీ మళ్లీ తిప్పి నృత్యానికి అనువుగా మలచారు. హిప్ హాప్ సంగీతం పుట్టుకలో ఆ రికార్డు పునాదిరాళ్లలో ఒకటైంది. లండన్ స్టూడియోలో నలుగురు యువకులు నిమిషాల నిడివిలో బంధించిన బాణీ, వారి పేరైనా వినని యువకుల కాళ్లలో బతికింది. అది తెలిసి అర్పించిన గౌరవం కాదు కాబట్టి నివాళి అనకూడదేమో గానీ, ఒక రచనకు దక్కగల ఆయుష్షులో దానికి సాటిలేదు.

‘ట్వాంగ్!’ దానికి భిన్నంగా, తెలిసి చేసిన పని. ఎవరికి తెలుసో, ఎంత తెలుసో అన్నది బాణీల ఎంపికలోనే బయటపడుతుంది. కీత్ అర్బన్ తాను పుట్టడానికి నాలుగేళ్ల ముందు బ్రిటన్‌లో మొదటి స్థానం పొందిన ‘డాన్స్ ఆన్!’ తీసుకున్నారు, అమెరికాలో తొలి సొంత ఆల్బమ్ రావడానికి అప్పటికి ఇంకా మూడేళ్లు ఉన్న యువకుడు ఆయన. ఫ్రాంప్టన్ ‘ది ఫ్రైటెన్డ్ సిటీ’, సమర్స్ ‘స్టింగ్‌రే’, ఫ్లెక్ ‘ది స్ట్రేంజర్’ వాయించారు. ఇవన్నీ సింగిల్స్‌గా, అంటే ఒక్కో బాణీ రికార్డులుగా విడుదలై జాబితాలకు ఎక్కినవి. నీల్ యంగ్, రాండీ బాక్‌మన్ కలిసి ఎంచుకున్న ‘స్ప్రింగ్ ఈజ్ నియర్లీ హియర్’ అటువంటిది కాదు. అది 1962 నాటి ‘అవుట్ ఆఫ్ ద షాడోస్’ అనే పూర్తి నిడివి రికార్డులో మిగతా బాణీల మధ్య ఒదిగి ఉన్న నిదానమైన బాణీ. రేడియోలో చెవిన పడి నచ్చేది కాదు, ఆ రికార్డును సొంతం చేసుకొని రెండు వైపులా తిప్పి తిప్పి విన్నవారికి మాత్రమే తెలిసేది. శీతకాలం ఆరు నెలలు సాగే విన్నిపెగ్‌లో పెరిగిన ఇద్దరు, మూడు దశాబ్దాల తరువాత ఎంత పెద్ద పేరున్న బాణీనైనా కోరుకోగలిగిన స్థితిలో ఉండి, రాబోయే వసంతం పేరు పెట్టుకున్న ఆ బాణీనే తీసుకున్నారు.